డైరెక్టరు గారి వంట చెయ్యి

మా శాఖలో ఎవరికీ వంట రాదు. ఈ మాట ఫిర్యాదుగా చెప్పడం లేదు. మాది వసతి గృహాల ఆహార పర్యవేక్షణ శాఖ. పర్యవేక్షణకి వంట రానక్కర్లేదని ముప్పై ఏళ్లుగా మా అందరి నమ్మకం. ఆ నమ్మకంతోనే ఉద్యోగాల్లో చేరాం, ప్రమోషన్లూ పొందాం. హాస్టళ్లలో పిల్లలు మూడు పూటలా తింటారు, వండేవాళ్లు వండుతారు, మేం ఆఫీసులో కూర్చుని పర్యవేక్షిస్తాం.

ఇలా సాఫీగా సాగిపోతుండగా మా శాఖకి పైన ఉండే కార్యదర్శి గారు వేసవి సెలవులకి కుటుంబంతో వియత్నాం వెళ్లారు. అక్కడ ఏదో పల్లెటూళ్లో, యాత్రికులకి ఒక పూట వంట నేర్పే ఇంట్లో, తాటాకు టోపీ పెట్టుకుని, నడుముకి గుడ్డ చుట్టుకుని, తన చేత్తో తానే ఒక అట్టు వేశారు. సంతకాలు మినహాయిస్తే యాభై ఆరేళ్ల జీవితంలో ఆయన స్వయంగా చేసిన మొదటి పని అదేనని వారి శ్రీమతి గారు ఎవరితోనో అన్నారట. అట్టు బాగానే వచ్చింది. ఆయన కళ్లు చెమర్చాయి. తిరిగొచ్చిన సోమవారం సాయంత్రానికే ఉత్తర్వు మా బల్లల మీద ఉంది.

"వంట యనునది కేవలము ఉదరపోషణార్థము జరుగు ప్రక్రియ కాదనియు, అది హస్తము, హృదయము, ప్రకృతి అను మూడింటి సంగమమనియు ప్రభుత్వము నిశితముగా పరిశీలించి గుర్తించినది. కావున ఇకపై వసతి గృహములయందు పొయ్యిని తాకు ప్రతి హస్తము విదేశీ గ్రామీణ వాతావరణమున స్వహస్త పాకశిక్షణ పొంది, తత్సంబంధిత ధ్రువపత్రము కలిగియుండవలెను. తొలి విడతగా ఒక ఆదర్శ వసతి గృహమును ఎంపిక చేసి, జూన్ పన్నెండు నుండి అమలుపరచవలెను."

ఫైలు నా దగ్గరికి వచ్చింది. నా పేరు కామేశం, బి సెక్షన్ సూపరింటెండెంటుని. ఈ శాఖలో ఏ తెలివితక్కువ పనికైనా మొదటి వాక్యం నా చేతే రాయిస్తారు. భాష బాగుంటుందని పేరు.

వియత్నాం వెళ్లే బృందం ఒక్క పూటలో తయారైపోయింది. బృంద నాయకుడు మా డైరెక్టరు నందివాడ పురుషోత్తమరావు గారు. తర్వాత జాయింట్ డైరెక్టరు హైమావతి గారు. తర్వాత న్యాయ సలహాదారు సోమయాజులు గారు. ఆ తర్వాత ఐదుగురు డిప్యూటీలు. వాళ్ల పేర్లు అక్కర్లేదు, కథలో వాళ్లు ఏమీ చేయరు. నివేదిక రాయడానికి నేను. జాబితా సచివాలయానికి పంపితే ఒక ప్రశ్నతో తిరిగొచ్చింది. "ఈ బృందములో వంట చేయువారు ఎవరైనా ఉన్నారా?"

డైరెక్టరు గారు నొచ్చుకున్నారు.

"వంట చేసేవాళ్లకి వంట వచ్చు కదయ్యా. వచ్చినవాళ్లకి మళ్లీ శిక్షణ ఏమిటి? ప్రభుత్వ ధనం దుబారా కాదూ?"

అయినా పై నుంచి వచ్చిన ప్రశ్న కనుక "క్షేత్రస్థాయి భాగస్వామి ఒకరు" అని చేర్చాం. విదేశం వెళ్లడానికి పాస్‌పోర్టు ఉండాలి. రాష్ట్రమంతా ఆరా తీస్తే మా వంటవాళ్లలో పాస్‌పోర్టు ఉన్న మనిషి ఒక్కతే తేలింది, ఉత్తరాంధ్రలో గుమ్మడివలస బాలికల హాస్టల్లో వండే పైడితల్లి. వెంటనే గుమ్మడివలసని ఆదర్శ వసతి గృహంగా ఎంపిక చేశాం. ఆదర్శానికి కొలమానం ఏమిటని సచివాలయం అడిగితే పాస్‌పోర్టు అని చెప్పలేక "సమగ్ర పరిశీలన" అని రాశాను.

కాగితాల మీద సంతకాలకి పైడితల్లి మా ఆఫీసుకి వచ్చింది. నలభై ఎనిమిదేళ్లుంటాయి. చేతుల మీద మోచేతుల దాకా పాత చురకల మచ్చలు. కుర్చీ చూపిస్తే కూర్చోకుండా గోడ పక్కన నిలబడింది. భర్త పోయిన కొత్తలో గల్ఫ్‌లో ఇంటిపనికి వెళ్దామని పాస్‌పోర్టు తీయించుకుందట. అంతలో హాస్టల్లో పని దొరికింది. పంతొమ్మిదేళ్లయింది. మధ్యలో గడువు తీరిపోతే మళ్లీ కొత్తది కూడా చేయించుకుంది.

"హాస్టల్లో పని ఉండగా మళ్లీ ఎందుకు చేయించావు?" అని అడిగాను.

"ఈ పని ఎప్పుడు పోద్దో ఎవులికి తెలుసు బాబూ."

ఉత్తర్వు చదివి అర్థం చెప్పాను. వినేసి ఆమె ఒకటే అడిగింది.

"నాను ఎల్లకపోతే ఏటవుద్ది?"

"జూన్ పన్నెండు నుంచి నువ్వు పొయ్యి ముట్టుకోకూడదు."

"మరెవులు ముట్టుకుంటారు?"

"కాయితం ఉన్నవాళ్లు."

"అక్కడ నూటనలబై మంది గుంటలున్నారు బాబూ. కాయితం వొచ్చీదాకా ఆళ్లకి ఆకలాగుద్దేటి?" అని, "ఎల్తే ఆ కాయితం నాకు ఇస్తారు గదా?" అంది.

ఇస్తారన్నాను. ఆమెకి ఆ పొయ్యి తప్ప వేరే ఆధారం లేదని నాకు అప్పటికే తెలుసు. ఉండడం కూడా హాస్టల్ సామాన్ల గది పక్కన ఉన్న చిన్న గదిలోనే. నేను మాటిచ్చాను కాబట్టి ఇదంతా ఇప్పుడు చెప్తున్నాను.

మేం వెళ్లిన పల్లె హోయాన్ పట్టణానికి కొద్ది దూరంలో ఉంది. ఊరంతా కూరగాయల మడులే. కొత్తిమీర, పుదీన, ఇంకా మనకి పేరు తెలియని ఆకులు బారులు తీరి ఉన్నాయి. వంట నేర్పే ఆవిడ పేరు లియెన్. అరవై దాటిన మనిషి, సన్నగా, చురుగ్గా ఉంది. ఆవిడ భర్త హంగ్ మాస్టారు బడిపంతులుగా రిటైరయ్యాడు. ఆవిడ చెప్పేది ఆయన ఇంగ్లీషులో మాకు చెప్పేవాడు, నేను తెలుగులో పైడితల్లికి చెప్పేవాణ్ణి.

కార్యక్రమం మొదలే సైకిళ్లతో. ఇంటి దగ్గర్నుంచి మడుల దాకా సైకిళ్ల మీద వెళ్లాలి. డైరెక్టరు గారు సైకిలు ఎక్కలేదు. ఆయన ఎక్కనప్పుడు జాయింట్ డైరెక్టరు గారు ఎక్కడం మర్యాద కాదు. ఆవిడ ఎక్కనప్పుడు డిప్యూటీలు ఎక్కడం క్రమశిక్షణ కాదు. పైడితల్లి ఒక్కతే కుచ్చెళ్లు పైకి దోపుకుని ఎక్కింది, లియెన్ గారు పక్కనే తొక్కుతూ వెళ్లింది. వాళ్ల వెనకాల మేం తొమ్మిది మందిమి ఏసీ బస్సులో, మనిషి నడకంత వేగంతో వెళ్లాం.

మడుల దగ్గర కావడి లాంటిది ఉంది. రెండు వైపులా నీళ్ల డబ్బాలు, వాటికి జల్లు మూతులు. భుజాన వేసుకుని వరసల మధ్య నడుస్తూ తడపాలి. లియెన్ గారు కావడి తెచ్చి మర్యాదగా డైరెక్టరు గారి ముందు పెట్టింది. ఆయన దాన్ని కాసేపు చూసి, "గమనించాను" అన్నారు. హైమావతి గారు కూడా గమనించారు. డిప్యూటీలు ఫొటోలు తీశారు. పైడితల్లి కావడి ఎత్తుకుని నాలుగు మడులు తడిపేసింది.

అసలు చిక్కు వంటసాలలో వచ్చింది. పొడుగాటి బల్ల మీద మనిషికో పీట, మనిషికో కత్తి, మనిషికో ఉల్లికాడల కట్ట పెట్టారు. అందరూ తరగండి అంది లియెన్ గారు. ఎవరూ కదల్లేదు. అందరూ డైరెక్టరు గారి వంక చూశారు. డైరెక్టరు గారు సోమయాజులు గారి వంక చూశారు.

సోమయాజులు గారు గొంతు సవరించుకున్నారు.

"డైరెక్టరు గారి సమక్షంలో కింది అధికారులు స్వతంత్రంగా చర్య తీసుకోరాదు. ఇది మొదటి విషయం. డైరెక్టరు గారు స్వయంగా చర్య తీసుకున్నట్లయితే, సదరు చర్యలో లోపం ఏర్పడినప్పుడు అప్పీలు వినే అధికారి ఎవరు అన్నది రెండో విషయం. ఉల్లికాడ ఒకసారి తరిగాక పునర్విచారణకి అవకాశం ఉండదు."

"మరి మార్గం?"

"ఉన్నదే కదా సార్. ఫైలు మార్గం."

దాంతో అందరి మనసులూ కుదుటపడ్డాయి. డైరెక్టరు గారు హైమావతి గారితో "తగు చర్య తీసుకోండి" అన్నారు. ఆవిడ మొదటి డిప్యూటీతో "తక్షణ చర్య నిమిత్తం" అన్నారు. ఆయన రెండో ఆయనతో అన్నాడు. అలా ఐదుగురినీ దాటి ఆదేశం నా దగ్గరికి వచ్చేసరికి పొయ్యి మీద నూనె పొగలు కక్కుతోంది. నేను పైడితల్లితో "తరుగు" అన్నాను. ఆమె మొదటి పీట దగ్గర్నుంచి చివరి పీట దాకా వరసగా తరుక్కుంటూ వెళ్లింది. పది కట్టలూ అయ్యాక "తరగడమైనది" అని నేను పైకి నివేదించాను. అది మెట్టు మెట్టుగా ఎక్కి డైరెక్టరు గారిని చేరింది, ఆయన "మంచిది" అన్నారు. పచ్చి మిరపకాయలకీ ఇదే పద్ధతి. రొయ్యలు వొలవడానికీ ఇదే పద్ధతి. చేపలు ఊరబెట్టి తీసిన ఉప్పునీళ్ల సీసా మూత తీసినప్పుడు మాత్రం సోమయాజులు గారు శాకాహారి కావడం వల్ల ఆరుబయటికి వెళ్లి, కిటికీలోంచి న్యాయసలహా కొనసాగించారు.

నిజం చెప్పాలంటే నాకూ ఆ పిండిలో చెయ్యి పెట్టాలనిపించింది. పసుపు కలిపిన బియ్యప్పిండి, కొబ్బరిపాలు. కలుపుతుంటే మంచి వాసన వస్తోంది. డైరెక్టరు గారు చూస్తున్నారు కదా అని చేతులు వెనక్కి కట్టుకున్నాను. ఆ సంగతి తలచుకుంటే ఇప్పటికీ నా మీద నాకు కోపమే.

తర్వాత బియ్యప్పిండి పొరలు. మరుగుతున్న కుండ మూతికి బిగించి కట్టిన గుడ్డ మీద జావ పల్చగా పరిచి, ఆవిరికి ఉడకగానే వెదురు పుల్లతో లేపాలి. డైరెక్టరు గారు ముందుకి వంగి చూశారు.

"ఇది మన పూతరేకే కదయ్యా. పంచదార లేదంతే."

"చారిత్రక సంబంధం సార్," అన్నారు హైమావతి గారు.

"కామేశం, రాసుకో. మన పాక విజ్ఞానము పూర్వమే ఈ దేశమునకు ఎగుమతి అయినట్లు తెలియుచున్నది."

రాసుకున్నాను. పైడితల్లికి మొదటి పొర చిరిగిపోయింది. రెండోది మడతపడింది. లియెన్ గారు ఆమె మణికట్టు పట్టుకుని పుల్ల ఏ వంపులో తిప్పాలో చూపించింది. మూడోది చెక్కుచెదరకుండా లేచింది. ఇద్దరికీ భాష తెలియదు, అయినా నవ్వుకుంటున్నారు. చూడ్డానికి ముచ్చటేసింది.

అప్పుడు అట్టు. దాన్ని బాన్ సెయో అంటారు. పెనం మీద పిండి పోయగానే సుయ్యిమంటుంది. రొయ్యలు, మొలకలు వేసి మడిచి, గిన్నెడు ఆకులతో తినాలి. పైడితల్లి వరసగా తొమ్మిది మందికీ, సోమయాజులు గారికి మాత్రం రొయ్యలు లేకుండా, వేసింది, ఆఖరికి తనకొకటి వేసుకుంది. తినడం మాత్రం ఎవరూ కిందికి పంపలేదు. డైరెక్టరు గారు నాలుగు తిన్నారు.

పైడితల్లి తన అట్టు ముక్క నోట్లో పెట్టుకుని, నమిలి, నాతో మెల్లగా అంది. "మా గుంటలు పొద్దున్న ఉప్మా అంటే మొకాలు సిట్లించుకుంటారు బాబూ. ఇదైతే తినేస్తారు. బియ్యప్పిండే గదా, పసుపే గదా. రొయ్యల్లేకపోయినా గుడ్డెయ్యొచ్చు. ఆకులు మన పెరట్లోనే ఏసుకోవచ్చు."

పది మందిలో ఏదైనా నేర్చుకున్న మనిషి ఆమె ఒక్కతే అని నాకు అక్కడే తెలిసింది.

వంటయ్యాక ధ్రువపత్రాలు. లియెన్ గారి పద్ధతి ఒకటుంది. మందపాటి కాగితం మీద శిష్యుల చేత పసుపు పిండితో అరచేతి ముద్ర వేయిస్తుంది, పక్కన పేరు రాసి సంతకం పెడుతుంది. ఆవిడ కాగితాలు తెచ్చి బల్ల మీద పెట్టి, మా అందరి చేతులూ ఒకసారి చూసింది. తొమ్మిది మందివీ ఇస్త్రీ చేసినంత శుభ్రంగా ఉన్నాయి. పైడితల్లిని ఒక్కదాన్నే పిలిచి, ముద్ర వేయించి, పేరు అడిగి రాసి, చేతికిచ్చింది. మిగతా కాగితాలు సంచిలో పెట్టేసుకుంది.

"మిగతావి?" అన్నారు డైరెక్టరు గారు.

హంగ్ మాస్టారు ఇబ్బందిగా నవ్వాడు. "మా ఆవిడ వండినవాళ్లకే ఇస్తుందండి."

"నేను డైరెక్టర్నని చెప్పండి."

మాస్టారు చెప్పాడు. ఆవిడ శ్రద్ధగా విని, ఏదో జవాబిచ్చింది.

"పిండి ఇంకా ఉందంటోంది. ఇప్పుడు ఒక్కో అట్టు వేస్తే ఇప్పుడే ఇచ్చేస్తానంటోంది. మనిషికి రెండు నిమిషాలు."

పెనం వేడిగా ఉంది, గరిట పక్కనే ఉంది. ఎనిమిది మంది అధికారులు పెనం వంక చూస్తూ నిలబడ్డారు. డైరెక్టరు గారు గడియారం చూసుకున్నారు.

"బస్సుకి టైమైంది," అన్నారు.

తిరుగు విమానంలో అందరిదీ ఒకటే బెంగ. స్వహస్త శిక్షణకి వెళ్లిన ఎనిమిది మంది అధికారులు ఒట్టి చేతులతో వస్తున్నారని కార్యదర్శి గారికి ఎలా చెప్పడం? ఆహారం ట్రేలు తీసేశాక సోమయాజులు గారు నా పక్క సీట్లోకి వచ్చి కూర్చున్నారు.

"కామేశం, మన ఆఫీసు నుంచి వెళ్లే ఉత్తరాల మీద ఎవరు సంతకం పెడతారు?"

"చాలావాటికి నేనే సార్."

"సంతకం కింద ఏమని ఉంటుంది?"

"డైరెక్టరు కొరకు అని."

"అప్పుడు ఆ ఉత్తరం ఎవరిది?"

"డైరెక్టరు గారిది సార్."

"మరి అట్టు?"

జవాబు తెలుసు కాబట్టి చెప్పలేదు. ఆయనే చెప్పారు, రాయమన్నారు. నేను రాశాను.

"శ్రీమతి పైడితల్లి వేసిన అట్టు డైరెక్టరు వారి ఆదేశానుసారము, యథాక్రమ మార్గమున అందిన ఉత్తర్వు మేరకు, డైరెక్టరు వారి కొరకు వేసినదగుటచే, సదరు అట్టు డైరెక్టరు వారి అట్టుగానే పరిగణింపబడును. సదరు అట్టు వేసిన హస్తము ఆ మేరకు డైరెక్టరు వారి హస్తముగాను, ధ్రువపత్రముపై గల ముద్ర డైరెక్టరు వారి అరచేతి ముద్రగాను పరిగణింపబడును."

కార్యదర్శి గారు రెండు రోజుల్లో ఆమోదించి, అంచున "చక్కటి విశ్లేషణ" అని రాశారు. పైడితల్లి దగ్గర్నుంచి కాగితం తెప్పించి, అద్దం బిగించి, డైరెక్టరు గారి గదిలో తగిలించారు. ఏడుగురు అధికారులకీ గెజిటెడ్ సంతకంతో నకళ్లు ఇచ్చారు.

జూన్ పన్నెండు దగ్గరపడింది. గుమ్మడివలస పొయ్యిని తాకే అర్హత ఉన్న చెయ్యి ఎవరిదని ఫైలు తిరగేస్తే, రాష్ట్రం మొత్తానికి డైరెక్టరు గారిది ఒక్కటే. డైరెక్టరు గారు మమ్మల్ని పిలిపించారు. ముఖం పాలిపోయి ఉంది.

"సోమయాజులు గారూ, ఇది నన్ను ఎక్కడికి తీసుకెళ్తోంది?"

"గుమ్మడివలసకి సార్. పొద్దున్న నాలుగున్నరకి."

"నూటనలభై మందికి నేనెలా వండనండీ?"

"మీరు వెళ్లనక్కర్లేదు సార్. మీ చెయ్యి ఇప్పటికే అక్కడ ఉంది కదా."

ఆ విధంగా ఉత్తర్వు తయారైంది. ధ్రువపత్రం లేనందున పైడితల్లి అనే వ్యక్తిని వంట విధుల నుంచి తొలగించారు. డైరెక్టరు గారి హస్తం అయినందున ఆమె చేతిని కొనసాగించారు. ఈ ఉత్తర్వు అందజేయడానికి నన్నే పంపారు. గుమ్మడివలస హాస్టల్ వెనక ఆమె అప్పటికే ఆకుమడి ఒకటి వేసింది. మొలకలు వచ్చాయి.

"అంటే నా పని ఉన్నట్టా, పోయినట్టా బాబూ?"

"పని ఉంది. నువ్వు లేవు."

"మరి నానెవుల్ని?"

"డైరెక్టరు గారి చెయ్యివి."

ఆమె నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. తడి చేతులు కొంగుతో తుడుచుకుని ఆలోచించింది.

"పొయ్యి కాడే గదా ఉంటాను?"

"అక్కడే."

"అయితే సరే బాబూ."

అంత తేలిగ్గా ఒప్పుకున్నందుకు ఆమె మీద నాకు చిరాకేసింది. తర్వాత ఆలోచిస్తే ఆ చిరాకు ఆమె మీద కాదు.

పన్నెండో తారీఖు నుంచి హాస్టల్ బోర్డు మీద రోజూ రాసేవారు. "నేటి వంట: శ్రీ నందివాడ పురుషోత్తమరావు, డైరెక్టరు." ఆమె పసుపు అట్టు వేసిన రోజు పిల్లలు రెండేసి తిన్నారు. గుడ్డు, మొలకలు, గుప్పెడు ఆకులు. ఉప్మా రోజున కంచాల్లో మిగిలే తిండి ఆ రోజున మిగల్లేదు. వారం తిరక్కుండా ఆ సంగతి టీవీలో వచ్చింది. డైరెక్టరు గారు తన గదిలోనే, పసుపు ముద్ర కింద కూర్చుని ఇంటర్వ్యూ ఇచ్చారు. "వంట చేస్తున్నంతసేపూ పిల్లల ముఖాలే నా కళ్ల ముందుంటాయి," అన్నారు. ఆగస్టులో ఆయనకి ఉత్తమ పాకసేవా పురస్కారం ఇచ్చారు. వేదిక మీద ఎవరో ఆయన చెయ్యి పట్టుకుని కళ్లకద్దుకున్నారు.

ఫిర్యాదుల పెట్టెలో ఒక పిల్ల మాత్రం ఇలా రాసింది. "డైరెక్టరు గారూ, నిన్న పప్పులో ఉప్పు తక్కువైంది. మీకు ఒంట్లో బాగా లేదా?" దానికి నేనే జవాబు రాశాను. డైరెక్టరు కొరకు.

చిక్కులు లేకపోలేదు. ఒక శుక్రవారం డైరెక్టరు గారు మేనకోడలి పెళ్లికని సెలవు పెట్టారు. మనిషి సెలవులో ఉంటే చెయ్యి పనిలో ఉండడం కుదరదని వార్డెన్‌కి ఫోను వెళ్లింది. పొయ్యి వెలిగించలేదు. పిల్లలకి మధ్యాహ్నం దాకా అటుకులు పెట్టారు. రెండింటికి ఇద్దరు పిల్లలు తల తిరుగుతోందని పడుకుంటే, పైడితల్లి ఎవరి మాటా వినకుండా అన్నం వండేసింది. సెలవులో ఉన్న హస్తం అనుమతి లేకుండా విధులు నిర్వర్తించినందుకు సంజాయిషీ అడిగాం. హస్తం డైరెక్టరు గారిది కాబట్టి నోటీసు ఆయనకే వెళ్లింది. ఆయన తనకి తానే సంజాయిషీ ఇచ్చుకుని, తానే క్షమించుకున్నారు.

సెప్టెంబరులో తనిఖీకని నేను గుమ్మడివలస వెళ్లాను. పొద్దున్న ఏడయింది. నూటనలభై మంది అన్నం ఉడికిన గుండిగ. గంజి వార్చేటప్పుడు ఎప్పుడూ అవతలి వైపు పట్టుకునే ఆయమ్మ ఆ రోజు రాలేదు. పైడితల్లి ఒక్కతే వంచబోయేసరికి గుడ్డ జారింది. మరుగుతున్న గంజి కుడిచేతి మీద మోచేతి దాకా పడింది. అరవలేదు. గుండిగ కింద పడకుండా నిలబెట్టి, అప్పుడు కూర్చుంది. నేనే ఆమెని ఆసుపత్రికి తీసుకెళ్లాను. తోలు ఊడి వచ్చింది. మూడు వారాలు నీళ్లు తగలకూడదు, సెగ తగలకూడదు అన్నాడు డాక్టరు.

ఆఫీసుకి రాగానే స్వయంగా కూర్చుని సెలవు ప్రతిపాదన రాశాను. నా సర్వీసులో తెలివితక్కువ లేని నోటు అదొక్కటే అనుకున్నాను. విధి నిర్వహణలో గాయం, ఇరవై ఒక్క రోజుల ప్రత్యేక సెలవు, అంతే. సోమయాజులు గారు ఒక మార్పు చేశారు. నాలుగో రోజున మంజూరు ఉత్తర్వు వచ్చింది.

"విధి నిర్వహణలో డైరెక్టరు వారి కుడిహస్తమునకు కలిగిన గాయమునకు ప్రభుత్వము తన ప్రగాఢ విచారమును వ్యక్తము చేయుచున్నది. డైరెక్టరు వారికి ఇరువది యొక్క రోజుల ప్రత్యేక సెలవు మంజూరు చేయడమైనది. గత అనుభవము దృష్ట్యా, డైరెక్టరు వారికి ఎడమహస్తము కూడ కలదు గనుక, సెలవు కాలమున గుమ్మడివలస యందు సదరు ఎడమహస్తము యథావిధిగా విధులు నిర్వర్తించవలెను."

ఆ సాయంత్రమే డైరెక్టరు గారు కుటుంబంతో ఊటీ వెళ్లారు.

ఉత్తర్వు తీసుకుని మళ్లీ నేనే గుమ్మడివలస వెళ్లాను. టపాలో పంపొచ్చు, పంపలేకపోయాను. కనీసం ఎదురుగా నిలబడి తిట్టించుకుందామనుకున్నాను. పైడితల్లి పొయ్యి దగ్గరే ఉంది. కుడిచేతికి మోచేతి దాకా తెల్లటి కట్టు. పదో తరగతి పిల్లలు ఇద్దరు గిన్నెలు దించి పెడుతున్నారు, ఆమె ఎడమచేత్తో పసుపు అట్లు వేస్తోంది. కొన్ని విరిగాయి.

ఉత్తర్వు చదివి వినిపించాను. ఆమె మధ్యలో ఆపకుండా మొత్తం విన్నది.

"అంటే కాలింది ఆయనకా బాబూ?"

"కాగితం ప్రకారం ఆయనకే."

"సెలవూ ఆయనకే."

"అవును."

తిడుతుందేమోనని నిలబడ్డాను. నా మీద జాలిపడ్డట్టు చూసింది. అట్టు అంచు నల్లబడుతుంటే చెక్కగరిటతో లేపింది.

"మరి అయ్యగారికి నొప్పి తగ్గిందేటి?" అని అడిగింది.

ఊటీ నుంచి కబురు వచ్చింది, కోలుకుంటున్నారు అని చెప్పాను. పైడితల్లి తలూపి, కట్టు కట్టిన చేతిని సెగకి దూరంగా పట్టుకుని, ఎడమచేత్తో పెనం మీద ఇంకో గరిటెడు పిండి పోసింది.